చైనావాళ్ళ తెల్లవేరు, మన ఆడబిడ్డల కడుపునొప్పి

బాగలూరు దిక్కునుంచి ఒక చెల్లెలు అడిగింది. "అక్కా, మా పిల్ల కోన్ వైండింగులో పని చేస్తుంది. బయట చేరిన రెండు దినాలూ కడుపు పట్టుకొని మెలికలు తిరిగిపోతుంది. ఫోనులో చైనా వేరు ఒకటి చూపిస్తా ఉండారు, తెల్ల పియోనీ అంట. తెప్పిచ్చేదా?" అని. ఈ నెల దాన్నే రాస్తాను.

పియోనీ అనేది పూలమొక్క. మోకాలు దాటి పెరుగుతుంది, గులాబీ మాదిరి పెద్ద పూలు పూస్తుంది. దానికి గట్టి చలికాలం కావల్ల, మన ఎండకు రాదు. చైనాలో దాని వేరును బాయ్ షావ్ అంటారు. మొక్క నాటి మూడు నాలుగేండ్లు కానిచ్చి వేరు తవ్వుతారు. కడిగి, కొనలు కోసి, నీళ్ళలో ఉడకేసి, తోలు వలిచి ఎండబెడతారు. అందుకే తెల్లగా ఉంటుంది. మన పిల్లిపీచర గడ్డల్ని, అదే తమిళంలో తన్నీర్ విట్టాన్ కిళంగు అంటారే, ఉడకేసి వలిచేది చూసినవాళ్ళకు ఇది తెలిసిన పనే. తోలు తీయకుండా ఎండబెట్టే ఎర్ర పియోనీ వేరు ఇంకొకటి ఉండాది. దాని పని వేరే, రెండూ ఒకటి కాదు.

చైనా వైద్యులు ఈ వేరును ఒంటరిగా ఇచ్చేది తక్కువ, జతకట్టి ఇస్తారు. ముఖం పాలిపోయి, తల తిరిగి, నెలసరి సరిగా రాని ఆడవాళ్ళకు ఇంకా మూడు వేర్లతో కలిపి నాలుగు మందుల కషాయం ఇస్తారు. అది తొమ్మిది వందల ఏండ్లకు పైనుంచి నడుస్తా ఉండే కషాయం. రెండో జత అతిమధురంతో. ఇది ఇంకా పాతది, సుమారు 1800 ఏండ్ల కిందట జాంగ్ జోంగ్‌జింగ్ అనే వైద్యుడు రాసిన పుస్తకంలోది. కాళ్ళు ఈడ్చుకుపోతే, పిక్కలు పట్టేస్తే ఇచ్చేది. జపాన్‌లో డాక్టర్లు ఈ పొద్దుకూ పిక్కల నొప్పికి దీన్ని రాస్తారు. రింగ్ ఫ్రేముల మధ్య ఎనిమిది గంటలు నడిచినవాళ్ళకు నడిరాత్రి పిక్క పట్టేస్తే ఎట్లుంటుందో నేను చెప్పాల్సిన పని లేదు.

వేరులో పియోనిఫ్లోరిన్ అనే సత్తు ఉండాది. అది బిగిసిన కండరాన్ని వదులు చేస్తుందని పరీక్షల్లో కనపడింది. గర్భసంచి గూడా కండరమే గదా, నెలసరి నొప్పి అది బిగుసుకునే దానివల్లే. కీళ్ళవాతానికి ఈ వేరు సత్తును చైనా ప్రభుత్వం 1998లో మందుగా ఒప్పుకొనింది. కాబట్టి వట్టి మాటల మందు అని నేను అనను.

అయినా తెప్పిచ్చొద్దు చెల్లెలా. ఫోనులో అమ్మే పొడిలో ఏముందో ఎవరు చూసినారు? రక్తం పలచబడే మాత్రలు తినేవాళ్ళకు, కడుపుతో ఉండేవాళ్ళకు ఇది డాక్టరు చెప్పకుండా ఇయ్యరాదు. కొందరికి విరేచనాలు అవుతాయి. అతిమధురం కలిసి ఉంటే ఇంకా జాగ్రత్త. అది ఎక్కువ దినాలు తింటే బీపీ పెరుగుతుంది, ఒంట్లో పొటాషియం దిగిపోతుంది, కాళ్ళు వాస్తాయి. మన దగ్గర దగ్గుకని అతిమధురం చప్పరించే ముసలోళ్ళూ ఇది గుర్తు పెట్టుకోవల్ల.

నాకు చైనా పొడికంటే ఎక్కువ భయం ఇంకొకటి ఉండాది. 2019లో థామ్సన్ రాయిటర్స్ ఫౌండేషన్ వాళ్ళు తమిళనాడు గార్మెంట్ ఫ్యాక్టరీల్లో పనిచేసే సుమారు వందమంది ఆడవాళ్ళను అడిగి ఒక సంగతి బయటపెట్టిరి. నెలసరి నొప్పి అంటే సూపర్‌వైజర్లు పేరు లేని, తారీకు లేని మాత్రలు చేతిలో పెడతా ఉండారని. పిల్ల ఇంటికి పోకూడదు, మిషను నిలవకూడదు, అంతే. నొప్పి మాత్ర వట్టి కడుపున తింటే కడుపులో పుండ్లు పడతాయి, ఏండ్ల తరబడి తింటే కిడ్నీలకు దెబ్బ. పేరు తెలియని మాత్రను ఏ డాక్టరుకు చూపిస్తావు?

2025 దాకా అమల్లో ఉండిన 1948 ఫ్యాక్టరీల చట్టం 45వ సెక్షన్ ప్రకారం 150 మందికి ఒక ఫస్ట్ ఎయిడ్ పెట్టె, దాన్ని చూసుకునే శిక్షణ ఉన్న మనిషి ఉండాల్సి ఉండె. 500 మంది దాటితే నర్సు, డాక్టరు ఉండే గది ఉండాల్సి ఉండె. మీ పిల్లను అడుగు, ఆ గది యాడుందో. మాత్ర ఇస్తే అట్టను చూపించమని అడగమను. "పేరేమి సార్?" అని అడిగేదానికి చదువు అక్కరలేదు. ఒక్కతే అడగలేకపోతే నలుగురు కలిసి అడగండి.

ఇంట్లో చేసేది: ఉప్పు వేయించి గుడ్డలో కట్టి పొత్తికడుపుకు కాపడం పెట్టు. అల్లం దంచి నీళ్ళలో కాచి, రవ్వంత బెల్లం వేసి, నొప్పి మొదలైన దినమే తాగించు. షిఫ్టులో నీళ్ళు తాగకుండా ఉండొద్దని చెప్పు. బాత్రూముకు పంపరని శానామంది పిల్లలు నీళ్ళు మానుకుంటారు, అది ఇంకా చెడుపు. ఒకసారి రక్తం పరీక్ష చేయించు. హిమోగ్లోబిన్ 12కు తక్కువ ఉంటే రక్తం తక్కువని లెక్క. ఆరోగ్య కేంద్రంలో ఇనుము మాత్రలు ఊరికే ఇస్తారు.

ఇన్నేండ్లు లేని నొప్పి కొత్తగా వచ్చినా, గంటకొక గుడ్డ తడిసినా, కండ్లు తిరిగి పడినా కషాయాలతో కూర్చోవద్దు. గర్భసంచిలో గడ్డలుండొచ్చు. ఇ.ఎస్.ఐ. కార్డుంటే ఆ ఆస్పత్రికి, లేకపోతే కృష్ణగిరి ప్రభుత్వ ఆస్పత్రికి తీసకపో. జీతంలో నెలనెలా పట్టుకుంటా ఉండారు, వాడుకోకపోతే ఎవరికి లాభం? వేర్ల మందే కావల్లంటే ప్రభుత్వ ఆస్పత్రుల్లో సిద్ధ వైద్యులు ఉంటారు. పిల్లిపీచర అయినా వాళ్ళు చూసి ఇస్తేనే సరి.

నల్లేరు పచ్చడి సంగతి ముగ్గురు అడిగినారు. వచ్చే నెల.