ఆటలకు విండో మోడ్: అడిగి సాధించుకోవలసిన సదుపాయం

పీసీ గేమ్‌ల తయారీదారులకు, వాటిని ఆడేవారికి, గేమ్ డిజైన్ నేర్చుకుంటున్న విద్యార్థులకు విజ్ఞప్తి

కంప్యూటర్‌లో తెరిచే ప్రోగ్రాము లెక్కల పట్టికైనా, బ్రౌజరైనా, పాటలు వినిపించేదైనా తనకంటూ ఒక చట్రంలో కనిపిస్తుంది. ఆ చట్రాన్ని పక్కకు జరపవచ్చు, కుదించవచ్చు, దాని పక్కనే మరొకదాన్ని తెరిచి రెండింటినీ చూసుకోవచ్చు. ఆ చట్రానికే విండో అని పేరు. ఈ మర్యాదను పాటించడానికి మొరాయించేవి ఎక్కువగా ఆటలే. చాలా గేమ్‌లు మొదటిసారి తెరవగానే స్క్రీన్‌ను అంచు నుంచి అంచు దాకా అడగకుండా ఆక్రమించుకుంటాయి. వాటిని విండోలో ఆడే వీలు, అంటే విండో మోడ్, కొన్నింటిలో సెట్టింగుల అట్టడుగున దాగి ఉంటుంది, కొన్నింటిలో అసలే ఉండదు. ప్రతి పీసీ గేమూ విండో మోడ్‌ను పూర్తి స్థాయి సదుపాయంగా ఇవ్వాలనీ, మొదటిసారి విండోలోనే తెరుచుకుని ఫుల్‌స్క్రీన్ కావాలో వద్దో ఆడేవారిని అడగాలనీ ఈ కరపత్రం కోరుతోంది.

ఆటలకు ఈ అలవాటు ఎక్కడిదో తెలిస్తే, అది ఇప్పుడు ఎందుకు అనవసరమో కూడా తెలుస్తుంది. డాస్ కాలంలో ఒక సమయంలో ఒకే ప్రోగ్రాము నడిచేది కనుక విండో అన్న ప్రశ్నే లేదు. ఆ రోజుల్లో ఎన్నో ఆటలు 320×200 చుక్కల స్క్రీన్ మీద 256 రంగులతో, వీడియో మెమరీలోకి నేరుగా రాస్తూ నడిచేవి. 1995లో విండోస్ 95, దాని వెనుకే ఆటల గ్రాఫిక్స్, శబ్దాలకు తోడ్పడే డైరెక్ట్‌ఎక్స్ వచ్చినప్పుడు, ఆటల తయారీదారులను డాస్ నుంచి రప్పించడానికి మైక్రోసాఫ్ట్ వారికి ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్ అనే ఏర్పాటు చేసింది. ఆట నడుస్తున్నంతసేపు డిస్‌ప్లే మీద పెత్తనమంతా ఆటకే అప్పగించి, డెస్క్‌టాప్‌ను పక్కకు తప్పించడమే ఆ ఏర్పాటు. స్క్రీన్ ఎన్ని చుక్కలతో ఉండాలో, సెకనుకు ఎన్నిసార్లు తాజా కావాలో కూడా ఆటే నిర్ణయించేది. అప్పటి గ్రాఫిక్స్ కార్డుల బలహీనతను చూస్తే అది న్యాయమైన ఏర్పాటే, దాన్ని తప్పుపట్టడం ఈ కరపత్రం ఉద్దేశం కాదు.

పరిస్థితి విండోస్ విస్టాతో మారింది. అన్ని ప్రోగ్రాముల బొమ్మలనూ విడివిడిగా తీసుకుని, గ్రాఫిక్స్ కార్డు సాయంతో ఒకే దృశ్యంగా కూర్చి స్క్రీన్‌కు పంపే కంపోజిటర్ అనే భాగం అందులో చేరింది. 2012లో వచ్చిన విండోస్ 8 నుంచి దాన్ని ఆపేయడం కూడా కుదరదు. విండోలోని ఆట మొదట్లో తన ప్రతి ఫ్రేమునూ, అంటే కదిలే దృశ్యంలోని ఒక్కొక్క బొమ్మనూ, కంపోజిటర్‌కు నకలు తీసి ఇవ్వవలసి వచ్చేది. తరువాత వచ్చిన ఫ్లిప్ పద్ధతిలో నకలు అక్కర్లేదు, బొమ్మ ఉన్న మెమరీనే చేతులు మారుస్తారు. డైరెక్ట్‌ఎక్స్ 12లో ఈ పద్ధతి తప్పనిసరి. విండోస్ 10లోనైతే, ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్ కావాలని అడిగిన ఎన్నో ఆటలను సిస్టమే చప్పుడు చేయకుండా అంచుల్లేని విండోగా మార్చి నడిపిస్తోంది. ఆడేవారిలో చాలామంది ఆ తేడాను గమనించనే లేదు. పాత డైరెక్ట్‌ఎక్స్ 10, 11 ఆటలు విండోలో ఉన్నప్పుడు వాటిని కొత్త పద్ధతికి మళ్లించే ఐచ్ఛికం 2022లో విండోస్ 11కు చేరింది. కింద నేల ఇంతగా మారినా, పైన మెనూలు మాత్రం పాత పద్ధతినే పట్టుకుని వేళ్లాడుతున్నాయి.

పాత పద్ధతి వల్ల కలిగే ఇబ్బంది చిన్నదేమీ కాదు. డైరెక్ట్‌ఎక్స్‌లో భాగమైన డైరెక్ట్‌3డీ 9 కాలపు ఆటను ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్‌లో నడుపుతూ, ఆల్ట్, ట్యాబ్ మీటలు కలిపి నొక్కి మరో ప్రోగ్రాములోకి వెళ్లినప్పుడు జరిగే తతంగాన్ని దగ్గరగా చూడాలి. ముందు స్క్రీన్ నల్లబడుతుంది. మానిటర్ పాత రిజల్యూషన్‌కు తిరిగి రావడానికి తడబడుతుంది. ఈలోగా గ్రాఫిక్స్ కార్డు మీద ఆటకున్న పట్టు పోతుంది; ప్రోగ్రామర్లు దీన్ని డివైస్ లాస్ట్ అంటారు. వీడియో మెమరీలో ఆట దాచుకున్న వనరుల్లో చాలావాటిని వదిలేసి, తిరిగి వచ్చినప్పుడు మళ్లీ మొదటి నుంచి సృష్టించుకోవాలి. ఆ పని శ్రద్ధగా రాసిన ఆట కొన్ని క్షణాల నలుపు తరువాత కోలుకుంటుంది. రాయనిది అక్కడే కూలిపోతుంది, సేవ్ చేయని ఆట దానితోపాటే పోతుంది. ఆట తక్కువ రిజల్యూషన్‌లో నడిచి ఉంటే, బయటికి వచ్చేసరికి డెస్క్‌టాప్ మీది ఐకాన్లు గాలివానకు చెదిరిన పందిరిలా ఒక మూలకు చేరి ఉంటాయి.

1998లో వచ్చిన స్టార్‌క్రాఫ్ట్ చరిత్రను ఇందుకు ఉదాహరణగా తీసుకోవచ్చు. 640×480 చుక్కలు, 256 రంగులతో తయారైన ఆ ఆటను విండోస్ 7లో తెరిస్తే రంగులు కలగాపులగమయ్యేవి, ఎందుకంటే ఆట వాడుకునే 256 రంగుల పట్టికలో డెస్క్‌టాప్ కూడా చేయి పెట్టేది. దానికి ఆటగాళ్లు కనుగొన్న ఉపాయాలు రెండు: స్క్రీన్ రిజల్యూషన్ మార్చే సెట్టింగు పేజీని తెరిచి అలాగే వదిలి ఆట మొదలుపెట్టడం, లేదా డెస్క్‌టాప్‌ను నడిపించే ఎక్స్‌ప్లోరర్‌నే ముందుగా ఆపేయడం. ఒక ఆట ఆడుకోవడానికి కంప్యూటర్ ముంగిటినే మూసేయవలసి రావడం ఎంత విడ్డూరమో వేరే చెప్పనక్కర్లేదు. చివరికి 2017లో వచ్చిన 1.18 ప్యాచ్‌తో ఆ ఆటకు అధికారికంగా విండో మోడ్ వచ్చింది, అంటే 19 ఏళ్ల తరువాత. స్టార్‌క్రాఫ్ట్ తయారుచేసిన సంస్థే 2000లో విడుదల చేసిన డయాబ్లో 2లో మాత్రం షార్ట్‌కట్ చివర -డబ్ల్యూ అని చేర్చితే ఆట విండోలో తెరుచుకునేది. కనుక అడ్డుపడింది సాంకేతిక అసాధ్యత కాదు, ఆ సదుపాయం ఎవరికి కావాలిలే అన్న ఉపేక్ష.

అది ఎవరికి కావాలో తెలుసుకోవడానికి తెలుగు మధ్యతరగతి ఇంటి వైపు చూస్తే చాలు. అక్కడ తరచుగా ఒకే కంప్యూటర్ ఉంటుంది. దాని మీదే ఆన్‌లైన్ క్లాసు, దాని మీదే ఈఏపీసెట్ హాల్ టికెట్ డౌన్‌లోడు, దాని మీదే కరెంటు బిల్లు, సాయంత్రం ఒక గంట ఆట. ఆట మధ్యలో వంటింట్లోంచి పిలుపు వస్తుంది, వాట్సాప్ వెబ్‌లో తమ్ముడి ఫీజు రసీదు వస్తుంది, బ్రౌజర్‌లో సగం నింపిన దరఖాస్తు గడువు దాటబోతుంటుంది. విండోలో ఉన్న ఆటను అలాగే వదిలి ఆ పని చూసుకోవచ్చు; స్క్రీన్ మొత్తాన్ని బిగించి పట్టిన ఆట అయితే ఆ కుర్చీలో కూర్చున్నవారికీ, ఆ కంప్యూటర్ కోసం వెనుక నిలబడినవారికీ మధ్య తగవు పెడుతుంది. స్క్రీన్ మీద అక్షరాలను పెద్దవి చేసి చూపే మాగ్నిఫయర్‌నూ, మౌస్‌తో నొక్కే కీబోర్డునూ వాడే వికలాంగులకైతే ఇది సౌకర్యం మాట కాదు, ఆడగలగడమా లేకపోవడమా అన్నంత ముఖ్యమైన మాట. వేగంగా తిరిగే దృశ్యాలకు తల తిరిగే కొందరికి కూడా, కదలని డెస్క్‌టాప్ చుట్టూ కనిపిస్తూ మధ్యలో చిన్న విండోలో ఆట సాగితే ఉపశమనంగా ఉంటుంది.

తక్కువ శక్తి ఉన్న యంత్రాలకు మరో లాభం ఉంది. 1920×1080 స్క్రీన్ నిండా గీయాలంటే ఫ్రేముకు 20,73,600 చుక్కలు. 1280×720 విండోలో అయితే 9,21,600, అంటే సగం కన్నా తక్కువ. విడి గ్రాఫిక్స్ కార్డు లేని ల్యాప్‌టాప్‌లో నత్తనడక నడిచే ఆట ఈ తేడాతోనే ఆడదగినదిగా మారవచ్చు. అయితే విండో చిన్నదైనంత మాత్రాన ల్యాప్‌టాప్ చల్లబడుతుందని అనుకోకూడదు: ఫ్రేముల సంఖ్యకు పరిమితి పెట్టకపోతే గ్రాఫిక్స్ చిప్ మిగిలిన సత్తువనంతా మరిన్ని ఫ్రేములు గీయడానికే ఖర్చుపెట్టి, మే నెల మధ్యాహ్నం ముందులాగే సెగలు కక్కుతుంది. అందుకే విండో మోడ్ పక్కనే ఫ్రేముల పరిమితి కూడా ఉండాలి. విండో వెనక్కి వెళ్లినప్పుడు ఆ పరిమితి తనంతట తానే మరింత తగ్గాలి.

ఎదురువాదనల్లో గట్టిది ఒకటే, అది ఆలస్యం గురించినది. మీట నొక్కిన క్షణానికీ, దాని ఫలితం స్క్రీన్ మీద కనిపించే క్షణానికీ మధ్య కంపోజిటర్ సుమారు ఒక ఫ్రేము ఆలస్యాన్ని చేర్చగలదు. సెకనుకు 60 సార్లు తాజా అయ్యే మానిటర్‌లో అది దాదాపు 16.7 మిల్లీసెకన్లు, 144 సార్లు తాజా అయ్యేదానిలో దాదాపు 6.9. పోటీల్లో తుపాకీ ఆటలు ఆడేవారికి అది లెక్కలోకి వచ్చే తేడాయే, వారికి ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్ ఉంచవలసిందే. ఫ్లిప్ పద్ధతిలో, అనుకూలమైన యంత్రం మీద, ఆ ఆలస్యం కూడా చాలావరకు తొలగుతుంది. కానీ పొలం దున్నే ఆటకూ, నగరం కట్టే ఆటకూ, చదరంగానికీ కూడా పోటీ ఆటగాళ్ల అవసరాన్నే కొలబద్దగా పెట్టి అందరికీ అదే వడ్డించడంలో అర్థం లేదు.

విండో మోడ్ ఉందని చెప్పుకునే ఆటల్లోనూ అది మొక్కుబడిగా ఉండటం మరో సమస్య. 1366×768 స్క్రీన్ ఉన్న ల్యాప్‌టాప్‌లు ఇప్పటికీ ఎన్నో ఇళ్లలో ఉన్నాయి. అలాంటి దానిలో, విండోస్ 10 మీద, 1280×720 కొలతతో ఆట తెరిస్తే జరిగేది చిన్న కూడికతో తేలిపోతుంది: ఆటకు నిలువునా 720 వరుసలు, విండో నెత్తిన పేరు కనిపించే టైటిల్ బార్‌కు సుమారు 30, కింద టాస్క్‌బార్‌కు 40, మొత్తం 790. స్క్రీన్‌లో ఉన్నవి 768. తక్కువపడిన 22 వరుసలు ఆట అడుగుభాగంలోవి. ఎన్నో ఆటల్లో ప్రాణం ఎంత మిగిలిందో, తూటాలు ఎన్ని ఉన్నాయో చూపేది సరిగ్గా అక్కడే. విండో అంచును మౌస్‌తో పట్టుకుని లాగి కుదించగలిగితే ఈ చిక్కు అర నిమిషంలో తీరుతుంది, కానీ చాలా ఆటల్లో ఆ అంచు కదలదు. కొలతల జాబితాలోంచి ఒకటి ఎంచుకోవడం తప్ప గత్యంతరం ఉండదు. మౌస్ సంగతీ ఇంతే: స్క్రీన్ అంచుకు మౌస్ తాకిస్తే మ్యాపు జరిగే వ్యూహ క్రీడల్లో, మౌస్‌ను విండో లోపలే ఆపి ఉంచే ఐచ్ఛికం లేకపోతే అది జారి పక్క ప్రోగ్రాము మీద క్లిక్ అవుతుంది, సైన్యం ఒకవైపు, ఆటగాడు ఒకవైపు అవుతారు.

కనుక తయారీదారులు చేయవలసినది ఒక గడికి టిక్కు పెట్టి వదలడం కాదు. సాధారణ విండో, స్క్రీన్‌ను నింపినా డెస్క్‌టాప్‌ను తప్పించని బోర్డర్‌లెస్ విండో, ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్ అనే మూడూ ఒకే మెనూలో, ఆట మొదలైన వెంటనే అందేచోట ఉండాలి. విండో అంచు లాగితే కదలాలి. మూసిన చోటే, అదే కొలతతో మళ్లీ తెరుచుకోవాలి. వెనక్కి వెళ్లినప్పుడు శబ్దం ఆగాలో వద్దో ఆడేవారు నిర్ణయించుకోవాలి. యూనిటీ, అన్‌రియల్ వంటి గేమ్ ఇంజన్లలో వీటికి కావలసిన సరంజామా చాలావరకు సిద్ధంగానే ఉంది. హైదరాబాదులోని స్టూడియోల్లో చేరబోయే విద్యార్థులు తమ ప్రాజెక్టును పెద్ద మానిటర్ మీద మాత్రమే పరీక్షించి సంతృప్తి పడకుండా, 768 వరుసల పాత ల్యాప్‌టాప్ మీద తెరిచి, ఆట నడుస్తుండగా పదిసార్లు ఆల్ట్-ట్యాబ్ కొట్టి చూడాలి.

ఆడేవారు అంతవరకు చేతులు ముడుచుకుని కూర్చోనక్కర్లేదు. చాలా ఆటల్లో ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కితే విండో మోడ్ వస్తుంది. వాల్వ్ ఆటలకు స్టీమ్‌లోని లాంచ్ ఆప్షన్లలో -విండోడ్, అంచులు వద్దనుకుంటే దానితోపాటు -నోబోర్డర్ అని ఇంగ్లిషు అక్షరాల్లో చేర్చవచ్చు. డాస్ ఆటలను డాస్‌బాక్స్ మొదటి నుంచీ విండోలోనే తెరుస్తుంది; తొంభైల నాటి విండోస్ ఆటలకు డీఎక్స్‌డబ్ల్యూఎన్‌డీ, డీజీవూడూ 2 వంటి ఉచిత ఉపకరణాలున్నాయి. అయితే ఇవి ఆటకూ సిస్టమ్‌కూ మధ్య దూరి పనిచేస్తాయి కాబట్టి, మోసాన్ని పసిగట్టే యాంటీ-చీట్ కాపలా ఉన్న ఆన్‌లైన్ ఆటల మీద వీటిని ప్రయోగిస్తే ఖాతాకే ముప్పు రావచ్చు. అక్కడ అధికారిక సదుపాయం తప్ప దారి లేదు, దాన్ని తయారీదారునే అడగాలి. అలా అడిగేటప్పుడు విండో మోడ్ బాగోలేదని ఒక ముక్కలో తేల్చేయకుండా, విండోస్ ఏ వెర్షనో, స్క్రీన్ కొలత ఎంతో, ఏ మీట నొక్కితే ఏమైందో రాసి, వీలైతే ఫొటో జతచేసి పంపాలి. స్టోరులో సమీక్ష రాసేవారు కథ, బొమ్మలు, సంగీతంతోపాటు ఆట విండోలో ఎలా నడుస్తుందో కూడా ఒక వాక్యం చేర్చాలి.