సూది వేయలేదు సరే, ఎందుకు వేయలేదో రాయండి



కాస్త పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి. మెడికల్ కోడింగ్ నేర్చుకుంటున్న తమ్ముళ్లు, చెల్లెళ్లు, నర్సింగ్ చదివేవాళ్లు, ఇంట్లో సికిల్ సెల్ పిల్లలు ఉన్నవాళ్లు తప్పక చదవాలి.

ఏజెన్సీ నుంచి బీఎస్సీ, ఫార్మసీ, నర్సింగ్ చేసి హైదరాబాద్ వచ్చిన మనవాళ్లు చాలామందిమి ఇప్పుడు కోడింగ్‌లో ఉన్నాం. అమెరికాలో డాక్టరు రాసిన చార్టు చదివి దానికి సరైన కోడ్ వేయడం మన పని. అక్కడ 2015 అక్టోబర్ నుంచి ఐసీడీ-10-సీఎం వాడుతున్నారు. అందులో జెడ్28 అనే వరస ఉంది. టీకా వేయలేదని చెప్పే వరస అది. వేయని టీకాకి కూడా కోడ్ ఏంటి అని కోర్సులో మనమే అడిగాం కదా. అసలు విషయం అక్కడే ఉంది.

ఆ రోజు జ్వరమో ఇంకేదో వచ్చి వేయకపోతే జెడ్28.01. దీర్ఘకాలిక జబ్బు వల్ల వేయకపోతే జెడ్28.02. రోగనిరోధక శక్తి దెబ్బతిని ఉంటే 03, టీకా పడక ఎలర్జీ ఉంటే 04. నమ్మకం వల్లో, తమవాళ్ల ఒత్తిడి వల్లో వద్దంటే జెడ్28.1. బిడ్డని చూసుకునేవాళ్లు ఒప్పుకోకపోతే జెడ్28.82. అసలు టీకానే దొరక్కపోతే జెడ్28.83. అంటే తప్పు ఎవరిది, అడ్డు ఎక్కడుంది అన్నది కోడ్ చూస్తేనే తెలుస్తుంది.

ఇంకో నియమం కూడా మనకి బాగా తెలుసు. కోడర్ ఊహించకూడదు. చార్టులో ఒకచోట సికిల్ సెల్ అని ఉండి, ఇంకోచోట టీకా వేయలేదని ఉంటే, రెండూ కలిపేసి 02 వేయలేం. జబ్బు వల్లే ఆపామని డాక్టరు రాయాలి. రాయకపోతే ప్రశ్న పంపి అడగాలి. జబ్బుకి దాని కోడ్ విడిగా వేయాలి, సికిల్ సెల్‌కి డి57 వరసలో ఉన్నట్టు. అమెరికాలో అంతా సక్రమంగా ఉందని మేం అనడం లేదు. కారణం రాయని చార్టులు అక్కడివీ చూస్తూనే ఉంటాం. కానీ అడిగే పద్ధతి ఒకటుంది.

ఇప్పుడు మన గూడేలకి రండి. బుధవారమో శనివారమో టీకాల రోజు. ఎప్పుడూ కీళ్ల నొప్పులతో, రక్తం తక్కువగా, నీరసంగా ఉండే బిడ్డని తల్లి ఎత్తుకొస్తుంది. "బలహీనంగా ఉన్నాడమ్మా, ఈసారికి వద్దులే, కోలుకున్నాక తీసుకురా" అంటారు. కార్డులో ఆ గడి ఖాళీగా ఉండిపోతుంది. తర్వాత ఎవరైనా లెక్క తీస్తే ఖాళీ గడికి ఒకటే అర్థం చెప్తారు: ఆదివాసీలకి అవగాహన లేదు, టీకాలంటే భయం, సహకరించరు. వేయించుకోవడానికి కొండ దిగి వచ్చిన తల్లిని వద్దన్నవాళ్ల లెక్కలో కలిపేస్తారు. మన కోడ్ భాషలో చెప్పాలంటే 02 పడాల్సినచోట 82 పడుతోంది.

ఇక్కడ 01కీ 02కీ తేడా గమనించండి. జ్వరం తగ్గుతుంది, వచ్చేవారం రమ్మనొచ్చు. సికిల్ సెల్ పుట్టుకతో వచ్చేది. "కోలుకున్నాక" అంటే ఎప్పుడు? ఆ మాట అన్నాక ఆ బిడ్డకి ఇక తేదీ ఉండదు.

పైగా సికిల్ సెల్ ఉన్న బిడ్డకి టీకా ఆపడం కాదు, అందరికంటే ముందు వేయాలి. ఆ జబ్బులో ప్లీహం చిన్నతనంలోనే పాడవుతుంది. న్యుమోకోకస్ లాంటి క్రిములు రక్తంలోకి చేరితే అడ్డుకునే బలం తగ్గిపోతుంది. మామూలు బిడ్డ తట్టుకునే ఇన్ఫెక్షన్ ఈ బిడ్డ ప్రాణం మీదికి తెస్తుంది. న్యుమోకోకస్ టీకా మన దేశంలో 2017లో కొన్ని రాష్ట్రాల్లో మొదలై, 2021లో అన్నిచోట్లకీ వచ్చింది. 6 వారాలకి, 14 వారాలకి, 9 నెలలకి ఉచితంగా వేస్తారు. సికిల్ సెల్ పిల్లలకి రెండేళ్లు దాటాక 23 రకాల న్యుమోకోకస్‌ని అడ్డుకునే ఇంకో టీకా కూడా అవసరం. అది అందరికీ వేసే ఉచిత జాబితాలో లేదు.

నిజంగా ఆపాల్సిన సందర్భాలు ఉన్నాయి, కాదనడం లేదు. క్యాన్సర్ మందులు వాడుతున్న బిడ్డకి, బలహీనపరిచిన సజీవ క్రిములతో చేసిన ఎంఆర్ లాంటి టీకాలు ఆపుతారు. ముందు డోసుకి ప్రాణాపాయమైన ఎలర్జీ వస్తే మళ్లీ అదే టీకా వేయరు. కానీ ఎదుగుదల లేకపోవడం, రక్తహీనత, సికిల్ సెల్ ఆ జాబితాలోవి కావు.

ఏఎన్ఎం అక్కల మీద, ఆశాల మీద నింద వేయడానికి ఇది రాయడం లేదు. వాగులు దాటి, ఐస్ బాక్సు మోసుకుని వచ్చేది వాళ్లే. నీరసంగా ఉన్న బిడ్డకి సూది వేశాక ఏదైనా అయితే ఊరంతా వాళ్లనే పట్టుకుంటుంది. ఆ భయం న్యాయమైనదే. అందుకే ఆ నిర్ణయాన్ని వాళ్ల నెత్తిన వదిలేయకూడదు అంటున్నాం.

మేం అడిగేవి నాలుగే.

ఒకటి, కార్డులో, రిజిస్టర్‌లో, ఫోన్ యాప్‌లో టీకా వేయని ప్రతిసారీ కారణం రాసే గడి ఉండాలి. జబ్బు వల్ల ఆపారా, టీకా రాలేదా, తల్లిదండ్రులు వద్దన్నారా అన్నది విడివిడిగా తెలియాలి.

రెండు, దీర్ఘకాలిక జబ్బు పేరుతో ఆపితే పీహెచ్‌సీ డాక్టరే చూసి, జబ్బు పేరు, మళ్లీ ఎప్పుడు రావాలో తేదీ రాసి ఇవ్వాలి.

మూడు, సికిల్ సెల్ నిర్మూలన మిషన్ 2023 జులై 1న షహడోల్‌లో మొదలైంది. 7 కోట్ల మందికి పరీక్షలు లక్ష్యం అన్నారు. పరీక్షలో జబ్బు తేలిన పిల్లల జాబితా, టీకాల జాబితా పక్కపక్కన పెట్టి చూడాలి. పరీక్ష చేసి కార్డు చేతిలో పెడితే సరిపోదు.

నాలుగు, 23 రకాల టీకా ఐటీడీఏ ప్రాంతాల ఆసుపత్రుల్లో సికిల్ సెల్ పిల్లలకి ఉచితంగా ఇవ్వాలి.

మనం చేయగలిగింది కూడా ఉంది. ఈసారి పండక్కి ఇంటికెళ్లినప్పుడు మీ గూడెంలో చిన్నపిల్లల కార్డులు ఒకసారి తిరగేయండి. ఖాళీ గడి కనిపిస్తే తల్లిని అడగండి, ఏఎన్ఎం అక్కని మర్యాదగా అడగండి, బిడ్డని తీసుకుని డాక్టరు దగ్గరికి వెళ్లండి. ఎవరో తెలియని అమెరికా పేషెంటు కోసం రాత్రంతా కూర్చుని కారణం అడుగుతున్నాం. మన అక్క బిడ్డ కోసం ఒక పూట అడగలేమా?

మీ గూడెంలో పరిస్థితి ఏంటో కింద రాయండి. పిల్లల పేర్లు మాత్రం పెట్టకండి. అన్నీ కలిపి వినతిపత్రం తయారుచేసి ఐటీడీఏ పీవో గారికి ఇద్దాం.

జై జోహార్.