మైలకు కాపలా కాసిందెవరు?

కులం వంటిది ఐరోపాలోనూ ఉండేదని చెప్పి మన వ్యవస్థ నేరాన్ని పలుచన చేసేవారు కొందరు. అంటరానితనానికి ప్రపంచంలో పోలికే లేదని తేల్చి, చర్చ ముగించేవారు మరికొందరు. ఈ ఇరువురూ చదవవలసిన గ్రంథం ఒకటున్నది. ఆగ్స్‌బర్గ్ నగర చరిత్ర ఆధారంగా కాథీ స్టూవర్ట్ రచించిన ‘డిఫైల్డ్ ట్రేడ్స్ అండ్ సోషల్ అవుట్‌కాస్ట్స్’ 1999లో వెలువడింది.

16 నుంచి 18వ శతాబ్ది వరకు జర్మన్ నగరాల్లో తలారులు, చచ్చిన పశువుల తోలు ఒలిచేవారు గౌరవహీనులు. తలారితో కలిసి మద్యం సేవించిన చేతివృత్తిదారుడిని గిల్డు, అంటే అతని వృత్తి సంఘం, వెలివేయవచ్చు. కుక్కను చంపినా అదే గతి. మైల బిడ్డలకూ సంక్రమించేది. విరిగిన ఎముక కట్టించుకోవడానికి మాత్రం తలారి చెయ్యి పనికివచ్చేది! చచ్చిన గొడ్డును మోయించుకుని, మోసినవాడిని ఊరి వెలుపల నిలిపిన మన గ్రామాలకు ఈ లౌక్యం కొత్త కాదు.

స్టూవర్ట్ పరిశోధనలో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసిన అంశం వేరు. నగరాన్ని ఏలిన కులీనులు తలారితో వ్యవహరించినా వారి పరువుకు వచ్చిన లోటేమీ లేదు. మైలకు గడగడలాడింది గిల్డుల్లోని చేతివృత్తులవారు. పరువు పోతే వారికి పని పోతుంది, పెళ్లి సంబంధం పోతుంది. అందుకే కాపలా వారే కాశారు. 1731 నాటి సామ్రాజ్య శాసనం అనేక హీనవృత్తులవారి సంతానానికి గిల్డుల తలుపులు తెరిచింది. తోలు ఒలిచేవారిని మాత్రం రెండవ తరం దాకా మినహాయించింది. తెరిచిన తలుపులను కూడా గిల్డులు తేలికగా వదలలేదు. అంబేడ్కర్ వర్ణించిన నిచ్చెనమెట్ల అసమానత ఇక్కడ మరో రూపంలో కనిపిస్తుంది. కింది మెట్టును తన్నిపెట్టే పని దాని పైమెట్టుదే.

అయితే తేడా ఏమిటని విద్యార్థులు అడుగుతారు. ఇతర సమాజాల్లో మైల తాత్కాలికమనీ, వంశపారంపర్యం మనదేననీ అంబేడ్కర్ 1948లో వాదించారు. జర్మన్ సాక్ష్యం ఆ గీతను కొంత చెరిపివేస్తుంది. పూర్తిగా మాత్రం చెరపలేదు. న్యూరెంబర్గ్ తలారి ఫ్రాంజ్ ష్మిట్‌నే తీసుకోండి. ప్రభువు ఆజ్ఞతో తండ్రి బలవంతాన తలారి అయ్యాడు, కొడుకు ఆ మచ్చతోనే పెరిగాడు. 1624లో రెండవ ఫెర్డినాండ్ చక్రవర్తి ఒక పత్రంతో అతనికీ అతని సంతతికీ గౌరవం పునరుద్ధరించాడు. రాజు తుడవగలిగిన మైల అది. దానికి వెనుక ధర్మశాస్త్రం లేదు. మన మైలను పుట్టుకతో ముడివేసి, శాస్త్రం చేత ముద్ర వేయించారు. ఏ రాజపత్రానికీ అది లొంగలేదు.

తెలుగునాట ఈ పరిశోధన ఇంకా ఎంతో జరగవలసి ఉన్నది. బ్రాహ్మణ గ్రంథాల్లో మూలాలు వెదికాం, అది అవసరమే. మెకంజీ సేకరించిన కైఫీయతులనూ, జిల్లా రికార్డులనూ మరో ప్రశ్నతో చదవాలి. గ్రామంలో రోజువారీగా మైలకు కాపలా కాసింది ఏ కులాలు? అందుకు వారికి దక్కిన భూమి ఎంత, పని ఎంత, పరువు ఎంత?