మోహాకుల చలనచిత్రములు

సెంట్ లారెన్సు నదిపై కార్నువాల్ చెంతనున్న వంతెనను 1968 డిసెంబరు 18వ తేదీన మోహాకులు అడ్డగించిరి. ఉత్తర అమెరికా ఆదిమజాతులలో వారొకరు. వారి నివాసమగు అక్వెసాస్నేను కెనడా, సంయుక్తరాష్ట్రముల సరిహద్దు నడుమ చీల్చుచున్నది. సంయుక్తరాష్ట్రముల వైపునుండి యింటికి తెచ్చుకొను వెచ్చములపై కెనడా ప్రభుత్వము సుంకము విధింపగా, 1794 నాటి జే సంధి ప్రకారము తమకు సుంకములేని రాకపోకల హక్కు కలదని వారు వాదించిరి. సరిహద్దు గీచినవారు పరులు. సుంకము చెల్లింపవలసినవారు మాత్రము మోహాకులట!

ఇట్టి సంఘర్షణములు ఆ ఖండమునకు క్రొత్తవి కావు. ఆనాడు వంతెనమీద చలనచిత్రయంత్ర ముండుటయే క్రొత్త. కెనడా జాతీయ చలనచిత్రసంస్థ ఆదివాసి యువకులకు శిక్షణమిచ్చి యేర్పఱచిన బృందములో మైక్ కనెంటకెరోన్ మిచెల్ ఒకడు. అడ్డగించిన మోహాకులలోను ఒకడు. 1969లో వెలువడిన ఆ చిత్రమునకు 'మీరు ఇండియనుల నేలపై నున్నారు' అని పేరు. అందలి వ్యాఖ్యానము ఆతనిదే. అయినను దర్శకుడు మిచెలే యని ఆ సంస్థ అధికారముగా నంగీకరించినది 2017లో! నేల తమదని చాటిన చిత్రము తనదని లోక మొప్పుకొనుటకు ఆతడు నలువదియెనిమిదేండ్లు వేచియుండవలసివచ్చెను.

పరుడు తీసిన చిత్రములో ఆచారము వింతగా కనబడును. అక్వెసాస్నేకే చెందిన కట్సిట్సియోన్ని ఫాక్స్ 2016లో తీసిన 'ఒహెరోకోన్'లో, స్త్రీత్వమునం దడుగిడు బాలికలు నాలుగేండ్లపాటు సలుపు ఉపవాసదీక్ష యింటిబిడ్డల శుభకార్యమువలె నున్నది.

అయితే మిక్కిలి సాహసవంతమైనది ట్రేసీ డీర్ 2008లో తీసిన 'క్లబ్ నేటివ్' అని మా యభిప్రాయము. మాంట్రియలు చెంతనున్న కానవాకే ఆమె స్వస్థలము. ఎవరు ఇండియనులో నిర్ణయించు నధికారమును 1876 నాటి ఇండియను శాసనము ప్రభుత్వముచేతి కిచ్చెను. పరజాతీయుని పెండ్లాడిన స్త్రీ తన హోదాను కోల్పోయెడిది; పరజాతిస్త్రీని పెండ్లాడిన పురుషునకు ఆ బాధలేదు సరికదా, అతని భార్యకును హోదా లభించెడిది. మోహాకులలో వంశము తల్లినిబట్టి వచ్చునది. ఆ మాతృవంశమునకే యిది గొడ్డలిపెట్టు. 1985లో గాని ఈ నియమము సవరింపబడలేదు.

ఇంతలో కానవాకే పాలకమండలియే 1981లో మిశ్రవివాహములపై నిషేధము పెట్టెను. పరజాతివారిని పెండ్లాడినవారు ఊరు విడువవలసినదే. ఉన్న కొలది నేలయు అన్యాక్రాంతమగునను భయము నిరాధారము కాదు. దానిని పుట్టించినది వలసపాలనమే. అయినను పరాయిశాసనము నేర్పిన కొలబద్దతో కన్నబిడ్డలను కొలుచుట న్యాయమా? ఈ ప్రశ్నను డీర్ నలుగురు స్త్రీల కథలద్వారా స్వజనుల యెదుటనే పెట్టినది. తెల్లవారిని నిందించి యూరకుండినచో ఆమెకు ఇంట మెప్పే దొరకియుండును.

2018లో క్విబెక్ ఉన్నతన్యాయస్థానము ఆ నిబంధన భేదభావముతో కూడినదని తీర్పు చెప్పెను. ఇంటితగవు తీర్చుటకు కడకు పరాయి న్యాయస్థానమే పూనుకొనవలసివచ్చెను. చిత్రము వెలువడి అప్పటికి పదియేండ్లు గడచినవి.