నెలసరి వాయిదా ఇంటి ధర కాదు

హైదరాబాదులోనైనా, గుంటూరులోనైనా, కర్నూలులోనైనా కొత్త అపార్టుమెంట్ల ప్రకటనల సారాంశం ఒక్కటే: అద్దెకు పోసే డబ్బుతోనే సొంత ఇంటివారు కండి. ఆ మాట కింద నెలసరి వాయిదా ఎంతో పెద్ద అంకెలలో ఉంటుంది. ఇరవై ఏళ్లలో ఆ ఇంటికి మొత్తం ఎంత చెల్లించవలసి వస్తుందో మాత్రం ఎక్కడా ఉండదు. ఈ మౌనం యాదృచ్ఛికమైనది కాదు. మొత్తాన్ని దాచి వాయిదాను చూపడం మీదనే ఈ వ్యాపారమంతా నిలబడి ఉంది. ముస్లిం కుటుంబాల విషయంలో ఈ దాపరికానికి మరో రెండు అన్యాయాలు తోడవుతున్నాయి. ఒకటి, అద్దె ఇల్లు, న్యాయమైన రుణం దొరకనివ్వని వివక్ష. రెండు, వడ్డీ లేని మార్గాన్ని తెరవడానికి నిరాకరిస్తున్న ప్రభుత్వ విధానం. ఈ మూడింటినీ కలిపి లెక్కించనిదే మన ఇంటి నిజమైన ఖరీదు తేలదు.

అంకెలు చెప్పే నిజం

ముప్పై లక్షల రూపాయల రుణాన్ని ఎనిమిదిన్నర శాతం వడ్డీకి, ఇరవై ఏళ్ల గడువుకు తీసుకున్నారనుకుందాం. నెలసరి వాయిదా సుమారు 26,035 రూపాయలు. 240 వాయిదాలు పూర్తయ్యేసరికి చెల్లించిన మొత్తం 62 లక్షల 48 వేలు దాటుతుంది. తెచ్చుకున్నది ముప్పై లక్షలు, తిరిగి ఇచ్చినది అందుకు రెట్టింపు కన్నా ఎక్కువ.

ఈ వాయిదా లోపల ఏముందో చూడండి. మొదటి నెల కట్టిన 26,035 రూపాయలలో 21,250 వడ్డీకే పోతుంది. అసలులో తగ్గేది 4,785 మాత్రమే. ఐదేళ్లు క్రమం తప్పకుండా 15 లక్షల 62 వేలు కట్టిన తరువాత అసలులో తీరేది మూడున్నర లక్షల పైచిలుకు. సగం గడువు, అంటే పదేళ్లు, ముగిసేసరికి 31 లక్షలకు పైగా చెల్లించి ఉంటారు. తెచ్చుకున్న అప్పుకు మించి కట్టినా ఇంకా దాదాపు 21 లక్షలు బాకీ ఉంటుంది. అసలులో సగం తీరేది పద్నాలుగో ఏడాది ముగింపుకు వచ్చినప్పుడే. ఈ మధ్యలో ఏ కారణం చేతనైనా ఇల్లు అమ్ముకోవలసి వచ్చిన కుటుంబానికి, తాము ఇన్నేళ్లూ ఇంటిని కాక వడ్డీని కొన్నామని అప్పుడు గాని తెలియదు.

వాయిదా భారంగా ఉందంటే గడువు పెంచుకోమని సలహా ఇస్తారు. అదే రుణాన్ని ముప్పై ఏళ్లకు పొడిగిస్తే వాయిదా 23,067కు తగ్గుతుంది. నెలకు మిగిలేది మూడు వేల లోపు. దాని కోసం అదనంగా చెల్లించేది ఇరవై లక్షలకు పైన. ఈ సలహా ఇచ్చేవారు మొదటి అంకె చెబుతారు, రెండోది చెప్పరు.

వడ్డీ రేటు కూడా స్థిరంగా ఉండదు. 2022 మే నెల ఆరంభంలో 4 శాతంగా ఉన్న రెపో రేటును రిజర్వు బ్యాంకు 2023 ఫిబ్రవరి నాటికి ఆరున్నర శాతానికి పెంచింది. రెపోకు ముడిపడిన గృహరుణాల మీద ఆ రెండున్నర శాతం భారం నేరుగా పడింది. 6.7 శాతం వడ్డీకి ముప్పై లక్షలు, ఇరవై ఏళ్ల గడువుకు తీసుకున్నవారి వాయిదా దాదాపు 22,720 రూపాయలు. వడ్డీ 9.2 శాతానికి చేరినప్పుడు ముప్పై లక్షల మీద నెల వడ్డీయే 23,000. ఆ వాయిదాను మార్చకుండా ఉంచితే అప్పు తరగకపోగా పెరుగుతుంది. వాయిదా మారలేదని సంతోషించిన ఇళ్లలో గడువు చడీచప్పుడు లేకుండా ఏళ్లకు ఏళ్లు సాగిపోయింది.

దీనికి పైన చిల్లర ఖర్చులుగా చెప్పే పెద్ద ఖర్చులున్నాయి. తెలంగాణలో స్టాంపు సుంకం, రిజిస్ట్రేషన్ కలిపి ఏడున్నర శాతం. రుణంతో పాటు అంటగట్టే బీమా ప్రీమియాన్ని సాధారణంగా రుణంలోనే కలుపుతారు. లక్ష రూపాయల ప్రీమియం ఎనిమిదిన్నర శాతం వడ్డీతో ఇరవై ఏళ్లలో రెండు లక్షల ఎనిమిది వేలవుతుంది. ఈ బీమా తీసుకోనిదే రుణం రాదని కౌంటరు దగ్గర చెబుతారు. అటువంటి రిజర్వు బ్యాంకు నిబంధన ఏదీ లేదు. ఆదాయపు పన్ను మినహాయింపు వస్తుందన్నది మరో ఆకర్షణ. కొత్త పన్ను విధానంలో సొంతంగా నివసించే ఇంటి వడ్డీకి ఆ మినహాయింపే లేదు. పాత విధానంలోనైనా వంద రూపాయల వడ్డీ కట్టినవారికి పన్నులో మిగిలేది అందులో ఒక భాగమే. పన్ను కట్టేంత ఆదాయం లేని మెకానిక్కుకు, టైలరుకు అదీ దక్కదు.

ఒక ఆక్షేపణ ఉంది. ఇరవై ఏళ్ల తరువాతి రూపాయికి నేటి విలువ ఉండదు, ఇంటి ధర పెరుగుతుంది, అద్దె మిగులుతుంది కదా అంటారు. ఇందులో నిజముంది. అయితే రూపాయి విలువ తగ్గడం వల్ల ఊరట పొందేది ఏటేటా జీతం పెరిగేవారు. రెండేళ్ల ఒప్పందం మీద కువైట్ వెళ్లిన రాయచోటి కార్మికునికి ఇరవై ఏళ్ల వాయిదా కట్టే ఆదాయం ఎవరు హామీ ఇస్తారు? వరుసగా తొంభై రోజులు బకాయి పడితే ఆ ఖాతా మొండిబాకీ అవుతుంది. ఆపైన 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద అరవై రోజుల నోటీసు ఇచ్చి, సివిల్ కోర్టుతో నిమిత్తం లేకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే ప్రక్రియ మొదలుపెట్టవచ్చు. రుణం తీసుకోవద్దని ఈ వ్యాసం చెప్పడం లేదు. మొత్తం తెలిసిన తరువాతనే సంతకం చేయాలని చెబుతోంది.

వివక్షకు కూడా వడ్డీ ఉంది

అద్దె మేలా, సొంత ఇల్లు మేలా అన్న చర్చ పత్రికల్లో తరచూ సాగుతుంది. ఆ చర్చ చేసేవారికి రెండు దారులూ తెరిచే ఉంటాయి. పేరు అడిగిన వెంటనే ఇల్లు ఖాళీ లేదనే జవాబు విన్న కుటుంబానికి ఆ ఎంపిక లేదు. అద్దె నిరాకరణ మన చేత ముందుగా, తొందరగా, ఏ షరతులకైనా తలవంచి ఇల్లు కొనిపిస్తోంది. బేరం ఆడే శక్తి లేని కొనుగోలుదారుడు ఎప్పుడూ ఎక్కువే చెల్లిస్తాడు.

కొనడానికి సిద్ధపడినా బ్యాంకు తలుపు తేలికగా తెరుచుకోదు. కొన్ని బ్యాంకులు కొన్ని ప్రాంతాలను ప్రతికూల ప్రాంతాలుగా గుర్తించి అక్కడ రుణాలు సులభంగా ఇవ్వడం లేదని జస్టిస్ రాజిందర్ సచార్ కమిటీ 2006లోనే తన నివేదికలో నమోదు చేసింది. మన శ్రామికులలో అధికులు జీతపు చీటీ లేని స్వయం ఉపాధివారు. హైదరాబాదు పాతబస్తీలో నోటరీ కాగితాల మీద చేతులు మారిన ఇళ్లు ఎన్నో ఉన్నాయి. రిజిస్ట్రేషన్ లేని అటువంటి ఇంటిని తాకట్టుగా బ్యాంకు అంగీకరించదు. ఫలితంగా ఈ కుటుంబాలు ఎక్కువ వడ్డీ తీసుకునే ప్రైవేటు సంస్థల వద్దకు పోవలసి వస్తుంది.

దీని ధర ఎంత? ఇరవై లక్షలు, పదిహేనేళ్ల గడువు అనుకుందాం. ఎనిమిదిన్నర శాతానికి దొరికితే మొత్తం చెల్లింపు సుమారు 35 లక్షల 45 వేలు. పదమూడు శాతానికి తీసుకోవలసి వస్తే 45 లక్షల 55 వేలు. ఇల్లు అదే, అప్పు అదే. తేడా పది లక్షలు. ఒక ఆడబిడ్డ ఉన్నత చదువుకు చాలే సొమ్ము అది. వివక్షను అవమానంగా మాత్రమే చెప్పుకుంటూ వచ్చాం. ఇకపై దానిని రూపాయలలో కూడా చెప్పవలసి ఉంది.

మూసిన తలుపు

దివ్య ఖుర్ఆన్ వ్యాపారాన్ని ధర్మసమ్మతం చేసి వడ్డీని నిషేధించిందని ప్రతి ముస్లిమూ ఎరుగును. ఆ విశ్వాసంతో బ్యాంకు రుణానికి దూరంగా ఉండి జీవితమంతా అద్దె ఇళ్లలో గడిపినవారున్నారు. గత్యంతరం లేక రుణం తీసుకుని మనస్తాపంతో వాయిదాలు కడుతున్నవారూ ఉన్నారు. ఈ రెండు వర్గాలకూ మూడో దారి చూపవలసిన బాధ్యత రాజ్యాంగబద్ధ ప్రభుత్వానికి ఉంది.

ఆ దారి తెలియనిది కాదు. ఆర్థిక సంస్థ, కుటుంబం కలిసి ఇల్లు కొంటాయి. కుటుంబం ఏటేటా సంస్థ వాటాను కొంటూ పోతుంది, మిగిలిన వాటాకు అద్దె చెల్లిస్తుంది. వాటా తరిగిన కొద్దీ అద్దె తరుగుతుంది. వడ్డీ లేని బ్యాంకింగును పరిశీలించాలని రఘురామ్ రాజన్ అధ్యక్షతన ఏర్పడిన కమిటీ 2008లో సిఫారసు చేసింది. 2017లో సమాచార హక్కు దరఖాస్తుకు సమాధానమిస్తూ, ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకుపోరాదని నిర్ణయించినట్లు రిజర్వు బ్యాంకు తెలిపింది. బ్యాంకు సేవలు పొందడానికి పౌరులందరికీ సమాన అవకాశాలు ఉన్నాయన్నది చెప్పిన కారణం. ప్రతికూల ప్రాంతాలుగా ముద్రపడిన బస్తీల ముందు ఆ కారణాన్ని చదివి వినిపిస్తే అది ఎంత నిలబడుతుందో తెలుస్తుంది.

చట్టంలోనూ అడ్డంకులున్నాయి. 1949 నాటి బ్యాంకింగ్ నియంత్రణ చట్టం తొమ్మిదో సెక్షను ప్రకారం బ్యాంకు తన సొంత వాడకానికి కాని స్థిరాస్తిని ఏడేళ్లకు మించి ఉంచుకోరాదు. పైగా మొదట సంస్థ పేరున, తరువాత కుటుంబం పేరున రిజిస్ట్రేషన్ జరిగితే స్టాంపు సుంకం రెండుసార్లు పడుతుంది. బ్రిటన్‌లో ఇదే చిక్కు వచ్చినప్పుడు 2003 ఆర్థిక చట్టంతో ఆ రెండో సుంకాన్ని తొలగించారు. ఆ దేశమేమీ ఇస్లామీయ రాజ్యం కాదు. పౌరుల అవసరం గుర్తించింది, అంతే.

అయితే ఈ మార్గం దానంతట అదే చవక అవుతుందని భ్రమ పడరాదు. అద్దెను మార్కెట్ వడ్డీతో సమానంగా నిర్ణయిస్తే మొత్తం భారం దాదాపు అంతే ఉంటుంది. హలాల్ అన్న పేరు చూసి లెక్క అడగడం మానితే ఏమవుతుందో 2019లో బెంగళూరు ఐఎంఏ పతనం చూపింది. దానిలో పొదుపంతా పోగొట్టుకున్నవారిలో అత్యధికులు మనవారే. పత్రం మీద ఏ పేరున్నా మొత్తం ఎంత అని అడగడం మన హక్కు, మన ధర్మం కూడా.

రాసుకోమన్న ఆజ్ఞ

ఖుర్ఆన్‌లోని అతి పొడవైన ఆయతు సూరా బఖరాలోని 282వది. అది నమాజు గురించో ఉపవాసం గురించో కాదు, అప్పును సాక్షుల సమక్షంలో స్పష్టంగా రాసుకోవడం గురించి. దానికి రెండు ఆయతుల ముందే, ఇబ్బందుల్లో ఉన్న రుణగ్రస్తునికి గడువు ఇవ్వాలన్న ఆదేశం ఉంది. ఇంత ప్రాముఖ్యమున్న విషయం మన జుమా ప్రసంగాలలో ఎంత అరుదుగా వినబడుతోంది! వడ్డీ హరామ్ అని ప్రకటించి ఊరుకోవడం తేలిక. ఆ మాట చెప్పిన నోటితోనే ఈ కాగితం చదివి సంతకం చేయండి, చదవలేకపోతే మస్జిద్‌కు తీసుకురండి, మేము చదివి చెబుతాం అనవలసిన బాధ్యత పెద్దల మీద ఉంది.

చదవడానికి కావలసిన హక్కులు ఇప్పటికే కొన్ని ఉన్నాయి. 2024 అక్టోబరు 1 తరువాత మంజూరైన ప్రతి గృహరుణానికీ కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అనే కీలక వివరాల పత్రం ఇవ్వాలి. అది రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలి. అన్ని రుసుములూ కలిపిన వార్షిక వ్యయ శాతం, వాయిదాల వారీ పట్టిక అందులో ఉండాలి. ఆలోచించుకోవడానికి కనీసం మూడు పనిదినాల వ్యవధి ఇవ్వాలి. తెలుగులోనో ఉర్దూలోనో ఈ పత్రం చేతికి వచ్చేవరకు ఎవరూ సంతకం చేయవద్దు. వడ్డీ పెరిగినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా అన్నది నిర్ణయించుకునే అవకాశాన్ని 2023 ఆగస్టు ఆదేశాలు రుణగ్రహీతకే ఇచ్చాయి. ఫ్లోటింగ్ వడ్డీ గృహరుణాన్ని ముందుగా తీర్చే వ్యక్తి నుంచి జరిమానా తీసుకోరాదు. మొదట చెప్పుకున్న ముప్పై లక్షల రుణానికి 26,035 బదులు నెలకు ముప్పై వేలు కట్టగలిగితే అది పద్నాలుగున్నర ఏళ్లలో తీరుతుంది, దాదాపు పది లక్షలు మిగులుతాయి. అప్పు పూర్తిగా తీరిన ముప్పై రోజులలో ఇంటి అసలు పత్రాలు తిరిగి ఇవ్వాలి. తమ తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు ఐదు వేల రూపాయల పరిహారం చెల్లించాలి.

ఈ హక్కులు కాగితం మీద ఉన్నంత మాత్రాన చాలవు. ఇంటి రుణ ప్రకటనలో వాయిదా ఎంత పెద్ద అక్షరాలతో ఉంటే మొత్తం చెల్లింపు కూడా అంతే పెద్ద అక్షరాలతో ఉండాలని రిజర్వు బ్యాంకు ఆదేశించాలి. ఏ ప్రాంతంలో ఎన్ని గృహరుణ దరఖాస్తులు వచ్చాయో, ఎన్ని తిరస్కరించారో, ఏ వడ్డీకి ఇచ్చారో బ్యాంకులు ఏటా ప్రకటించాలి. స్టాంపు సుంకంలో మినహాయింపు ఇచ్చే అధికారం రాష్ట్రాలదే. భాగస్వామ్య పద్ధతిలో కొనే ఇంటికి రెండో సుంకాన్ని తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాలు రద్దు చేయాలి. ఇందుకు ఢిల్లీ అనుమతి కోసం ఎదురుచూడనక్కరలేదు. రెండు రాష్ట్రాల మైనారిటీ ఆర్థిక సంస్థలు ప్రతి జిల్లాలో రుణపత్రం చదివి వివరించే సలహా కేంద్రాన్ని నెలకొల్పాలి.

ఓటు అడగడానికి మన బస్తీలకు వచ్చే ప్రతి అభ్యర్థి ముందూ ఈ కోరికలు ఉంచుదాం. అంతవరకు ప్రతి ఇంటా కనీసం ఒక పని జరగాలి. సంతకానికి ముందు ఆ రుణపు మొత్తం చెల్లింపును ఒక కాగితం మీద రాసి, భార్యాభర్తలు, ఎదిగిన పిల్లలు కలిసి చదవాలి. ఆ అంకెను చూసిన తరువాత కూడా కుటుంబమంతా సమ్మతిస్తే ఆ నిర్ణయం వారిది. చూడకుండా చేసిన సంతకం మాత్రం అమ్మినవారి నిర్ణయమే.