ఏడొందల డాలర్ల పందెం

1994. రష్యా నుంచి ఓ తండ్రీ, చిన్నారి కూతురూ అమెరికాలోని ఫ్లోరిడాలో దిగారు. ప్రయాణానికే అప్పు చేయాల్సి వచ్చింది. చేతిలో ఉన్నది 700 డాలర్లు. ఇద్దరిలో ఎవరికీ ఇంగ్లిషు రాదు. వీసా దొరకలేదు కాబట్టి తల్లి వెనకే ఉండిపోయింది. తెలిసినవాళ్లు లేరు, ఉద్యోగం లేదు. ఉన్నదల్లా ఒకటే నమ్మకం... 'మా అమ్మాయి టెన్నిస్ బాగా ఆడుతుంది!'

సరిగ్గా పదేళ్లకు, 2004 జులై 3న ఆ అమ్మాయి లండన్‌లో వింబుల్డన్ ట్రోఫీని గుండెలకు హత్తుకుంది. పేరు మరియా షరపోవా. వయసు పదిహేడేళ్లు.

ఈ కథ విన్న ప్రతి ఒక్కరూ 'ఆ తండ్రిది ఎంత తెగువ!' అంటారు. నిజమే. కానీ పిల్లలున్న ఇంట్లో వెంటనే ఇంకో ప్రశ్న కూడా పుట్టాలి. ఒకవేళ ఆ పిల్ల గెలవకపోయుంటే? అదే తండ్రిని లోకం ఏమని ఉండేది? ఆ ప్రశ్నను పట్టుకుని షరపోవా తొలి అడుగుల్ని చూస్తే, తెగువతో పాటు మరి రెండు విషయాలు కనిపిస్తాయి. ఒకటి, ఆ తండ్రి వేసిన ప్రతి అడుగుకూ ముందు మరొకరి తీర్పు ఉంది. రెండు, ఆ పందెంలో పెట్టినది డబ్బు ఒక్కటే కాదు.

చెర్నోబిల్ నీడలో...

షరపోవా తల్లిదండ్రులు యూరీ, యెలెనాలది బెలారస్‌లోని గోమెల్. 1986 ఏప్రిల్ 26న చెర్నోబిల్ అణు విద్యుత్కేంద్రంలో రియాక్టర్ పేలింది. ఆ కేంద్రం ఉన్నది ఉక్రెయిన్‌లో. అయినా గాలితో పాటు వచ్చిన రేడియోధార్మిక ధూళి సరిహద్దు దాటి గోమెల్ ప్రాంతాన్ని తీవ్రంగా దెబ్బతీసింది. పుట్టబోయే బిడ్డ కోసం ఆ దంపతులు ఊరు వదిలేశారు. ఎక్కడో సైబీరియాలోని న్యాగన్ చేరారు. గడ్డకట్టే చలి ఉండే ఆ చమురు పట్టణంలో 1987 ఏప్రిల్ 19న మరియా పుట్టింది.

పాపకు రెండేళ్లు వచ్చేసరికి మకాం నల్ల సముద్రం ఒడ్డునున్న సోచికి మారింది. అక్కడ యూరీకి అలెగ్జాండర్ కఫెల్నికోవ్‌తో స్నేహం కుదిరింది. ఆయన కొడుకే యెవ్‌గెనీ కఫెల్నికోవ్... తర్వాతి రోజుల్లో 1996 ఫ్రెంచ్ ఓపెన్, 1999 ఆస్ట్రేలియన్ ఓపెన్ గెలిచిన ఆటగాడు. 1991లో, నాలుగేళ్ల మరియాకు మొదటి రాకెట్ ఇచ్చింది అలెగ్జాండరే. పార్కులో తండ్రితో కలిసి బంతి కొట్టడం మొదలైంది. ఆ తర్వాత యూరీ యుట్కిన్ అనే కోచ్ దగ్గర పాఠాలు.

అప్పటికి సోవియట్ యూనియన్ కూలిపోతోంది. పాత ఏర్పాట్లు పోయాయి. కొత్తవి రాలేదు. మామూలు ఇళ్లలో రేపటి సంగతి ఎవరికీ తెలియని కాలం అది. టెన్నిస్ లాంటి ఖరీదైన ఆటను కూతురితో ఆడించడమంటే మాటలు కాదు.

తీర్పు చెప్పిందెవరు?

'మా పిల్ల బంగారం' అని ఏ తండ్రైనా అంటాడు. ఆ మాట బయటివాళ్లు చెప్పాలి. అందులోనూ ఆట తెలిసినవాళ్లు చెప్పాలి. షరపోవా విషయంలో ఆ మాట చెప్పింది ఆషామాషీ మనిషి కాదు, మార్టినా నవ్రతిలోవా!

1993లో మాస్కోలో నవ్రతిలోవా ఒక టెన్నిస్ శిబిరం నిర్వహించింది. వచ్చిన పిల్లల్లో ఆరేళ్ల మరియా ఒకతె. ఆమె ఆట చూసిన నవ్రతిలోవా, ఈ పిల్లకు మంచి శిక్షణ ఇప్పించాలని తండ్రికి చెప్పింది. ఫ్లోరిడాలోని బ్రాడెంటన్‌లో నిక్ బొలెటియరీ నడిపే అకాడమీ పేరు సూచించింది. ఆండ్రీ అగస్సీ, మోనికా సెలెస్, జిమ్ కొరియర్ లాంటివాళ్లు రాటుదేలిన చోటు అది. వింబుల్డన్ సింగిల్స్‌ను తొమ్మిదిసార్లు గెలిచిన మనిషి మాట అది. పైగా ఆట కోసం ఇల్లు వదలడమంటే ఏమిటో ఆమెకు బాగా తెలుసు. 1975లో, పద్దెనిమిదేళ్ల వయసులో, కన్నవాళ్లనూ స్వదేశమైన చెకోస్లవేకియానూ వదిలి అమెరికాలో ఉండిపోయింది తను.

అంటే, యూరీ గుడ్డిగా విమానం ఎక్కలేదు. చూసేవాళ్లకు పిచ్చిలా కనిపించిన ఆ ప్రయాణం వెనక ఒక నిపుణురాలి సలహా ఉంది.

అమ్మ లేని రెండేళ్లు

తీరా అమెరికా చేరాక అకాడమీ తలుపులు వెంటనే తెరుచుకోలేదు. అక్కడే ఉండి నేర్చుకోవడానికి మరియాది మరీ చిన్న వయసు. మరి పూట గడిచేదెలా? యూరీ దొరికిన పనల్లా చేశాడు. హోటల్లో అంట్లు కడిగాడు. వచ్చిన డబ్బుతో కూతురికి పాఠాలు చెప్పించాడు. ఆ రోజుల్లో మరియాకు శిక్షణ ఇచ్చినవాళ్లలో రిక్ మాసీ ఒకరు. చిన్నతనంలో వీనస్, సెరెనా విలియమ్స్‌లను తీర్చిదిద్దిన కోచ్ ఆయన. అదే సెరెనా మరో పదేళ్లకు వింబుల్డన్ ఫైనల్లో నెట్‌కు అవతల నిలబడుతుందని అప్పుడెవరికి తెలుసు!

1995లో రెండో తీర్పు వచ్చింది. క్రీడాకారుల వ్యవహారాలు చూసే ఐఎంజీ సంస్థ ఆ పిల్లతో ఒప్పందం చేసుకుంది. అకాడమీలో ఏడాదికి 35,000 డాలర్ల ఫీజు తామే కడతామంది. ఒక వ్యాపార సంస్థ జాలిపడి అంత సొమ్ము పెట్టదు. తొమ్మిదేళ్లకు మరియా అకాడమీలో చేరింది.

ఇక్కడిదాకా లెక్క బాగానే ఉంది. కానీ లెక్కలోకి రానిది ఒకటుంది. తల్లికి వీసా రావడానికి పట్టిన కాలం రెండేళ్లు. ఆ వయసు పిల్లకు జడ వేసేదీ, జ్వరమొస్తే పక్కన కూర్చునేదీ, బడి కబుర్లు వినేదీ అమ్మే. భాష రాని దేశంలో ఆ పిల్ల అవేవీ లేకుండా గడిపింది. కూతురు పెరిగే రెండేళ్లను ఆ తల్లి కళ్లతో చూడలేకపోయింది. 700 డాలర్లను ఏదో ఒకరోజు మళ్లీ సంపాదించొచ్చు. ఆ రెండేళ్లు మాత్రం ఏ ట్రోఫీ ఇచ్చినా తిరిగి రావు.

మెట్టు మెట్టుకూ పరీక్షే

2000 నవంబరులో ఎడ్డీ హెర్ అంతర్జాతీయ జూనియర్ టోర్నీలో పదహారేళ్లలోపు బాలికల టైటిల్‌ను మరియా గెలిచింది. అప్పటికి ఆమెకు పదమూడేళ్లే. 2001లో, తన పద్నాలుగో పుట్టినరోజున ప్రొఫెషనల్‌గా అడుగుపెట్టింది. కాలిఫోర్నియాలో రాబర్ట్ లాన్స్‌డార్ప్ అనే మరో కోచ్ ఆమె షాట్లకు పదును పెట్టాడు. నెట్‌ను రాసుకుంటున్నట్టు నేరుగా దూసుకెళ్లే బలమైన షాట్లు ఆయన శిష్యుల గుర్తు. ట్రేసీ ఆస్టిన్, పీట్ సంప్రాస్, లిండ్సే డావెన్‌పోర్ట్‌ల ఆటలో ఆయన చేయి ఉంది.

అలాగని గెలుపులు వరస కట్టలేదు. 2002లో ఆస్ట్రేలియన్ ఓపెన్ జూనియర్ ఫైనల్ చేరి ఓడింది. అదే ఏడాది వింబుల్డన్ జూనియర్ ఫైనల్లోనూ ఓటమే. ఇండియన్ వెల్స్ పెద్దల టోర్నీలో ఒక మ్యాచ్ గెలిచి, రెండోదాన్ని సెలెస్ చేతిలో పోగొట్టుకుంది. 2003లో ఆస్ట్రేలియన్ ఓపెన్, ఫ్రెంచ్ ఓపెన్... రెండింట్లోనూ తొలి రౌండే ఆఖరు. చుట్టూ ఉన్నవాళ్లు 'ఇక చాలు' అనుకునే సమయం అది.

ఆ వేసవిలోనే కథ మలుపు తిరిగింది. 2003 వింబుల్డన్‌లో వైల్డ్‌కార్డుతో ఆడి, పదకొండో సీడ్ యెలెనా డోకిచ్‌ను ఓడించి నాలుగో రౌండ్ చేరింది. ఏడాది ముగిసేలోగా జపాన్ ఓపెన్‌తో పాటు కెనడాలోని క్యుబెక్‌లోనూ టైటిళ్లు నెగ్గింది. డబ్ల్యూటీఏ ఆమెను ఆ ఏటి ఉత్తమ కొత్త క్రీడాకారిణిగా ఎంపిక చేసింది.

2004 వింబుల్డన్‌కు ఆమె పదమూడో సీడ్. సెమీస్‌లో డావెన్‌పోర్ట్ తొలి సెట్‌ను 6-2తో లాగేసుకుంది. వాన పడి ఆట ఆగింది. మళ్లీ మొదలయ్యాక షరపోవా రెండో సెట్‌ను టైబ్రేక్‌లో గెలిచి, మూడో సెట్‌ను 6-1తో ముగించింది. ఫైనల్లో ఎదురుగా సెరెనా... అంతకు ముందు రెండేళ్లూ అక్కడ ఛాంపియన్. స్కోరు 6-1, 6-4. గెలిచింది మాత్రం షరపోవా! వింబుల్డన్ సింగిల్స్ నెగ్గిన తొలి రష్యన్ ఆమే. 1887లో లాటీ డాడ్, 1997లో మార్టినా హింగిస్ మినహా అంత చిన్న వయసులో ఆ టైటిల్ గెలిచినవాళ్లు అప్పటికి లేరు.

స్టాండ్స్‌లోకి ఎక్కి తండ్రిని కౌగిలించుకుంది. ఆ తర్వాత చేసిన పనే జనానికి ఎక్కువగా గుర్తుండిపోయింది. సెంటర్ కోర్టులో నిలబడి, చేతిలో సెల్‌ఫోన్‌తో అమ్మ నంబరు నొక్కింది. లైను కలవలేదు. కోట్ల మంది చూస్తుండగా మళ్లీ ప్రయత్నించింది... ఊహూ! ప్రేక్షకులు నవ్వారు. ఆమె కూడా నవ్వేసింది. ఆ చిన్నప్పటి రెండేళ్ల సంగతి తెలిసినవాళ్లకు మాత్రం గొంతు పట్టేసే దృశ్యం అది.

దారి ఒక్కటే కాదు

అయితే, పిల్లల్ని గెలిపించాలంటే ఇల్లు విడగొట్టుకోవాల్సిందేనా? దీనికి జవాబు అదే ఏడాదిలో ఉంది.

2004లో రష్యా అమ్మాయిలు టెన్నిస్‌ను ఏలారు. ఫ్రెంచ్ ఓపెన్ ఫైనల్లో ఇద్దరూ రష్యన్లే. అనస్తాసియా మిస్కినా గెలిచింది, ఎలెనా దెమెంతియెవా ఓడింది. ఆ ఇద్దరూ మాస్కోలో పెరిగినవాళ్లు. అక్కడి స్పార్టక్ క్లబ్‌లో రౌజా ఇస్లానోవా దగ్గర చిన్నప్పుడు ఓనమాలు దిద్దారు. మరాత్ సఫిన్ కన్నతల్లే ఆ ఇస్లానోవా. ఇక ఆ ఏడాది యుఎస్ ఓపెన్ గెలిచిన స్వెత్లానా కుజ్‌నెత్సోవా స్పెయిన్ వెళ్లి శిక్షణ పొందింది. ఒకే దేశం, ఒకే ఏడాది, మూడు గ్రాండ్‌స్లామ్‌లు... దారులు మాత్రం మూడు రకాలు.

నాలుగో దారి మన హైదరాబాద్‌లోనే ఉంది. సానియా మీర్జా పుట్టింది 1986 నవంబరులో, అంటే షరపోవాకు అయిదు నెలలు పెద్ద. తండ్రి ఇమ్రాన్ మీర్జాయే కోచ్. సొంత ఊళ్లో, ఇంటివాళ్ల మధ్యే ఎదిగి, 2003లో రష్యాకే చెందిన అలీసా క్లెబనోవాతో కలిసి వింబుల్డన్ బాలికల డబుల్స్ గెలిచింది. 2005 యుఎస్ ఓపెన్ నాలుగో రౌండ్లో సానియా, షరపోవా ఎదురుపడ్డారు. అప్పటికి కొద్ది రోజుల క్రితమే షరపోవా ప్రపంచ నంబర్‌వన్ అయింది. ఆ ర్యాంకు అందుకున్న తొలి రష్యన్ మహిళ ఆమే. ఆ రోజు 6-2, 6-1తో గెలిచింది కూడా ఆమే. కానీ సానియా కథ అక్కడితో ఆగలేదు. ఆరు గ్రాండ్‌స్లామ్ డబుల్స్, మిక్స్‌డ్ డబుల్స్ టైటిళ్లు నెగ్గింది. 2015లో డబుల్స్‌లో ప్రపంచ నంబర్‌వన్ అయింది. ఒక్క మ్యాచ్ స్కోరు చూసి ఎవరి పెంపకం గొప్పదో తేల్చలేం.

మన అమ్మానాన్నల చేతిలో...

షరపోవా ప్రయాణం ఆ తర్వాత నల్లేరు మీద నడకేమీ కాలేదు. 2006లో యుఎస్ ఓపెన్, 2008లో ఆస్ట్రేలియన్ ఓపెన్ గెలిచింది. 2008లోనే భుజానికి శస్త్రచికిత్స జరిగింది. కోలుకుని 2012లో ఫ్రెంచ్ ఓపెన్ నెగ్గి, నాలుగు గ్రాండ్‌స్లామ్‌లూ గెలిచిన కొద్దిమంది జాబితాలో చేరింది. 2016లో నిషేధిత మందు మెల్డోనియం వాడినట్టు తేలి 15 నెలలు ఆటకు దూరమైంది. ఆ మచ్చ మచ్చే. 2020లో రిటైరైంది. చెర్నోబిల్ దెబ్బతిన్న ప్రాంతాల పిల్లల చదువుకు సాయం చేసింది. 2025లో అంతర్జాతీయ టెన్నిస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కినప్పుడు, వేదిక మీదకు వచ్చి ఆమెను పరిచయం చేసింది ఎవరో కాదు... ఒకనాటి ప్రత్యర్థి సెరెనా.

ఇప్పుడు మన ఊళ్లలోనూ తెల్లారకముందే పిల్లల్ని బండెక్కించుకుని కోచింగ్‌కు తీసుకెళ్లే నాన్నలున్నారు. అకాడమీ ఫీజుల కోసం గొలుసులు తాకట్టు పెట్టే అమ్మలున్నారు. ఆట ఒక్కటే కాదు, ర్యాంకుల కోసం పదో తరగతి దాటగానే పిల్లల్ని దూరపు హాస్టళ్లలో వదిలొచ్చేవాళ్లూ ఉన్నారు. వీళ్లందరికీ యూరీ కథ నచ్చుతుంది. ఆ కథలోంచి తెగువ ఒక్కటే తీసుకుంటే సగమే తీసుకున్నట్టు. ప్రతి అడుగుకూ ముందు ఆట తెలిసినవాళ్ల మాట వినడం మిగతా సగం. వాళ్లు 'వద్దు' అన్నా అదే చెవితో వినగలగాలి.

ఇంకొకటి కూడా. పందెం గెలిచిన ఇంటి గురించి పత్రికలు రాస్తాయి. అదే విమానంలో వెళ్లి, అవే అంట్లు కడిగి, ఏ ట్రోఫీ లేకుండా తిరిగొచ్చిన ఇళ్లూ ఎన్నో ఉంటాయి. అలా తిరిగొచ్చిన పిల్లను గుమ్మంలో నిలబెట్టి ఖర్చుల చిట్టా విప్పకుండా, 'రామ్మా, అన్నం తిందువుగాని' అనగలిగిన ఇల్లే ఏ పందెమైనా కాయడానికి తగినది.