ఏకగ్రీవం - ఎవరి గొంతు?

పంచాయతీ ఎన్నికలొస్తే చాలు, ఊరి పెద్దలకి ఐకమత్యం గుర్తొస్తుంది. అయిదేళ్ళూ మన పేట వైపు కన్నెత్తి చూడనివాళ్ళు ఆ నాలుగు రోజులూ 'మనమంతా ఒక్కటే ఊరు' అంటారు. గొడవలెందుకు, ఖర్చెందుకు, కూర్చుని ఒకర్ని అనుకుందాం అంటారు. దానికి ఏకగ్రీవమని పేరు. ఏకగ్రీవం అంటే ఒకే గొంతు. ఆ గొంతు ఎవరిదని మేం అడుగుతున్నాం.

జనరల్ సీటైతే ఈ ఐకమత్యం అంత సులువుగా కనపడదు. అక్కడ అన్నదమ్ములే రెండు పార్టీలై కొట్టుకుంటారు. సీటు ఎస్సీలకి రిజర్వయిందంటే మాత్రం శాంతి కావాలి! ఎందుకంటే అక్కడ వాళ్ళకి కావల్సింది సర్పంచి కాదు, సంతకం.

ఈ సీటు ఎవరి దయవల్లా రాలేదు. 1932లో బొంబాయి శాసనమండలిలో గ్రామపంచాయతీల బిల్లు వచ్చినప్పుడు, అంటరానివాళ్ళకి ప్రత్యేక ప్రాతినిధ్యం లేని పంచాయతీ మాకొద్దని అంబేద్కర్ ఎదురు తిరిగారు. 1948 నవంబరు 4న రాజ్యాంగ సభలోనూ గ్రామాన్ని స్వర్గమని పొగిడేవాళ్ళ భ్రమల్ని ఆయన బద్దలుకొట్టారు. ఆయన భయపడ్డది పెత్తందార్ల పంచాయతీకి. చివరికి 73వ రాజ్యాంగ సవరణ 1993 ఏప్రిల్ 24 నుంచి అమల్లోకొచ్చి, జనాభా దామాషాలో వార్డుల్లోనూ సర్పంచి పదవుల్లోనూ మనకి వాటా రాసింది. 1994లో మన రాష్ట్ర పంచాయతీరాజ్ చట్టం వచ్చింది. అంటే రాజ్యాంగం వచ్చాక నలభై ఏళ్ళకి పైగా ఆగితే దక్కిన కుర్చీ ఇది. దాన్ని రామకోవెల అరుగుమీద ఒక్క పూటలో తేల్చేస్తామంటే ఎలా ఒప్పుకుంటాం?

2021 ఎన్నికల్లో ఈ పనికి సర్కారే ధర కట్టింది. ఏకగ్రీవమైతే 2 వేల లోపు జనాభా ఉన్న పంచాయతీకి 5 లక్షలు, 5 వేల లోపుకి 10 లక్షలు, 10 వేల లోపుకి 15 లక్షలు, ఆ పైన 20 లక్షలు. నాలుగు విడతల్లో కలిపి రెండు వేలకు పైగా పంచాయతీలు ఏకగ్రీవమయ్యాయి. బుచ్చయ్యపేట మండలంలోనే చూడండి. వడ్డాది లాంటి పెద్ద పంచాయతీ ఉంది, కొద్ది గడపల చిన్న పంచాయతీలూ ఉన్నాయి. చిన్న పంచాయతీకి 5 లక్షలంటే ఒక రోడ్డు, ఒక కాలువ. 'నువ్వు నామినేషన్ వేస్తే ఊరికి రోడ్డు పోతుంది' అని మన కుర్రాడి నెత్తిన నేరం పెట్టడానికి అంతకంటే ఏం కావాలి? చెరుకు నరికే కూలి ఎవరి పొలంలో దొరుకుతుందో, అప్పు ఎవరి దగ్గర పుడుతుందో, ఏకగ్రీవం మాట కూడా ఆ ఇంటినుంచే వస్తుంది. కాదంటే పని బందు.

అలా కూర్చోబెట్టిన సర్పంచి గతేమిటి? పంచాయతీ నడిచేది తీర్మానాల పుస్తకం మీద, ఎంబుక్కు మీద, బిల్లు మీద. పుస్తకం కార్యదర్శి దగ్గర, పని కాంట్రాక్టరు దగ్గర, మాట పెద్దింటి దగ్గర ఉంటే సర్పంచికి మిగిలేది పెన్ను. రేపు లెక్క తేడా వస్తే నోటీసు మాత్రం సర్పంచి పేరుమీదే వస్తుంది. తిన్నది ఒకరు, కక్కేది మనం! సర్పంచిని నేరుగా జనం ఎన్నుకుంటారు కాబట్టి వార్డు మెంబర్లు అవిశ్వాసం పెట్టి దించలేరు. కానీ 249వ సెక్షన్ కింద కలెక్టరు తొలగించగలడు. ఆ కత్తి ఎవరి మెడమీద వేలాడుతుందో వేరే చెప్పాలా?

పైనున్న ప్రభుత్వాలూ తక్కువ తినలేదు. 2018 ఆగస్టులో గడువు తీరిన పంచాయతీలకి 2021 దాకా ఎన్నికల్లేవు, ప్రత్యేకాధికారులే ఏలారు. 2019 అక్టోబరు 2న సచివాలయాలొచ్చాయి, ఆ ఉద్యోగులు సర్పంచి మాట వినాల్సిన అవసరం లేకుండా పోయింది. 2021లో ఆర్థిక సంఘం నిధుల్ని కరెంటు బకాయిల కింద మళ్ళిస్తే సర్పంచులంతా రోడ్డెక్కారు. రాజ్యాంగం పదకొండో షెడ్యూల్లో 29 అంశాలు రాసింది, పంచాయతీకి చేరింది చాలావరకు వీధిదీపం, చెత్తబండి. ఇది అందరు సర్పంచుల బాధే. కానీ పెద్దకులపు సర్పంచికి పొలం ఉంది, ఎమ్మెల్యే ఇంట్లో కుర్చీ ఉంది. మన సర్పంచికి ఆ పదవి తప్ప ఇంకేముంది?

తమిళనాడులో మేలవళవు పంచాయతీ రిజర్వయిందన్న కక్షతో 1997 జూన్ 30న అధ్యక్షుడు మురుగేశన్‌నీ మరో అయిదుగురు దళితుల్నీ నరికి చంపారు. పాప్పాపట్టి, కీరిపట్టిల్లో పదేళ్ళపాటు దళితుణ్ణి కుర్చీలో కుదురుగా కూర్చోనివ్వలేదు. అక్కడ కత్తితో తీసుకున్నదాన్ని ఇక్కడ దండేసి తీసుకుంటున్నారు. దండ మెత్తగా ఉంటుంది, అంతే తేడా.

ఎన్నికలు ఊరిని చీలుస్తాయంటారు. ఊరూ పేటా వేరుగా ఉన్నది ఎన్నికలవల్లనా? మన పేటలో పదిమంది కూర్చుని తమ మనిషిని తామే ఒక్కమాటమీద ఎన్నుకుంటే అది ఏకగ్రీవం, దానికి మేం అడ్డురాం. బెదిరించి నామినేషన్ వెనక్కి తీయిస్తే అది నేరం. ఎస్సీ ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ ఈ మాట స్పష్టంగా రాసింది: నామినేషన్ వెయ్యనివ్వకపోయినా, బలవంతంగా వెనక్కి తీయించినా, ఎన్నికైన దళిత సర్పంచిని పని చెయ్యనివ్వకపోయినా శిక్షే. ఈ సంగతి మన పేటల్లో ఎంతమందికి తెలుసు?

అందుకే మేం అంటున్నాం. రిజర్వు సీటు ఎవరికన్నది మన పేటలోనే, ఆడా మగా అందరం కూర్చున్నచోటే తేలాలి. గెలిచాక సర్పంచిని ఒంటరిగా వదలకూడదు. గ్రామసభకి పేటంతా కదిలి వెళ్ళాలి. 2024 ఆగస్టు 23న రాష్ట్రంలో 13,326 పంచాయతీల్లో ఒకేరోజు గ్రామసభలు పెట్టారు. సభ పెట్టడం వాళ్ళ పని, తీర్మానాన్ని పైకి చదివించుకోవడం మన పని. రాయని కాగితం మీద, చదవని కాగితం మీద మన సర్పంచి సంతకం పెట్టకూడదు. ఒకరికి చదువు రాకపోతే పేటలో టెంత్ పాసైన ఆడపిల్ల పక్కన కూర్చుని చదివి చెప్పాలి.

అయిదేళ్ళకోసారి ఈ బేరం మళ్ళీ మళ్ళీ మన గుమ్మంలోకొస్తుంది. అప్పుడు దండకి తల వంచే ముందు, సంతకానికి పెన్ను తీసేముందు అడగాల్సింది ఒక్కటే ప్రశ్న. ఈ గొంతు ఎవరిది? మనది కాకపోతే మనం పోటీ చేద్దాం. ఓడినా సరే, మన గొంతుతో ఓడదాం.